ఎల్వుడ్ పేరున నీళ్లు

మా శనివారం బడిలో ఓట్లు ఉండవు. చేతులెత్తడం, చీటీలు వెయ్యడం, అలాంటివేవీ కుదరవు. ఏ సంగతైనా అందరూ "సరే" అనేదాకా మాట్లాడుకోవాల్సిందే. ఓటంటే ఒకడు గెలిచి ఇంకొకడు మొహం వేలాడేసుకోవడం, మన ఆఫ్రికా తాతముత్తాతల కొలువుల్లో ఆ దిక్కుమాలిన పద్ధతి లేదు, అని బడి పెట్టిన రోజే మకేడమ్మ తేల్చేసింది. ఆవిడ మా బడి పెద్ద. యూనివర్సిటీలో ఆఫ్రికా చరిత్ర చెప్పి చెప్పి రిటైరయిన మనిషి. వినడానికి ఎంత బాగుందో ఆ మాట! గోడలకి ఏ రంగు వెయ్యాలో తేలక ఒక ఎండాకాలమంతా అవి బోడిగా ఉండిపోయాయని మాత్రం మేమెవరం బయట చెప్పుకోం.

ఆ పద్ధతి మీద నాకెప్పుడూ కోపం రాలేదు. మా ఆయన పేరు సభలోకి వచ్చిన రోజున మాత్రం వచ్చింది, మామూలుగా కాదు.

నాకు కావలసింది చిన్న సంగతి. ప్రతి శనివారం పాఠాలు మొదలయ్యే ముందు మేం పూర్వీకుల పేర్లు పిలుస్తూ, కిటికీ పక్కన కుండీలో ఉన్న రబ్బరు మొక్క మొదట్లో నీళ్లు పోస్తాం. ఒక్కో పేరు పిలవగానే అందరం "ఆషే" అంటాం, అలాగే జరుగుగాక అని. నైలు నది ఒడ్డున ఏలిన రాణుల దగ్గర్నుంచి, సముద్రానికి ఇవతల ఈ జర్మన్‌టౌన్ వీధుల్లో పిల్లలకి అక్షరాలు దిద్దించి పోయిన పంతులమ్మల దాకా ఆ వరసలో చాలామంది ఉన్నారు. ఆ వరసలో మా ఎల్వుడ్‌ని కూడా పిలవాలి. అంతే.

మనిషి ఊపిరి పోగానే పోడు, పేరు పెట్టి పిలిచే నోరు ఒక్కటున్నా మన మధ్యే తిరుగుతుంటాడు, ఆ నోరు కూడా పోయాకే నిజంగా పోతాడు, అని మకేడమ్మ పిల్లలకి పాఠం చెప్తుంది. వంటగదిలో ఉల్లిపాయలు తరుగుతూ ఆ పాఠం నేను కొన్ని వందలసార్లు విని ఉంటాను. ఎప్పుడూ గుచ్చుకోలేదు. ఎల్వుడ్ పోయాక గుచ్చుకుంది. మాకు పిల్లల్లేరు. ఆయన అన్నదమ్ములంతా ముందే పోయారు. ఇంట్లో ఆయన పేరు పిలిచేదాన్ని నేనొక్కదాన్నే, నాకేమో డెబ్బై దాటాయి, మోకాళ్లు చూస్తే నాకంటే ముందే పోయేలా ఉన్నాయి. నేను పోతే ఆ పేరు ఎవరి నోట్లో ఉంటుంది? బడి ఉంటుంది. బడిలో పిల్లలుంటారు. వాళ్ల నోట్లో పడితే ఇంకో నలభై యాభై ఏళ్లు ఆయనకి ఢోకా లేదు.

కాకపోతే అదంత తేలిక కాదు. చచ్చిపోయినవాళ్లందర్నీ మేం పూర్వీకుల్లో కలపం. ఏడాది గడవాలి, మనిషి ఏం వదిలివెళ్లాడో సభలో చెప్పాలి, ఒక్కరు కూడా కాదనకూడదు. సభలో అందరికంటే చిన్నవాళ్లు ముందు మాట్లాడాలి, అందరికంటే పెద్దాయన ఆఖర్న. పెద్దాయన ముందే నోరు విప్పితే చిన్నవాళ్లు భయపడి తల ఊపేస్తారని. ఇదీ బాగున్న పద్ధతే, ఒప్పుకుంటాను. అన్నిటికంటే ముఖ్యమైనది ఇంకొకటుంది: సభ తేలేదాకా గిన్నెల మీద మూతలు తియ్యకూడదు. ఇది ఏ రాజ్యపు ఆచారమో నాకు తెలీదు. వంట నాది కాబట్టి నాకు మాత్రం మహా సుఖంగా ఉండేది. చేపలు వేగే వాసన హాల్లోకి వెళ్లిందంటే ఎంత పెద్ద తగువైనా దారికొచ్చేస్తుంది. తగువు ముదురుతోంది అనిపిస్తే నేను వంటగది తలుపు కాస్త ఓరగా తీసిపెట్టేదాన్ని.

ఇప్పుడు మా ఆయన గురించి చెప్పాలి. ఎల్వుడ్ గాఫ్నీ, ట్రామ్ నడిపేవాడు. శనివారాలు బడి వ్యాను నడిపేవాడు, బాయిలర్ మొరాయిస్తే దాని సంగతి చూసేవాడు, ఖాళీ దొరికితే పిల్లల్ని పోగేసి చరిత్ర చెప్పేవాడు. చెప్పమని ఎవరూ అడగలేదు. అందులో సగం కోతలు. తొక్కుడుబిళ్ల ఆట మన ఆఫ్రికాలోనే పుట్టిందని ఒకసారి, గొడుగు కూడా మనదేనని ఒకసారి. రుజువేదయ్యా అంటే "మా అమ్మమ్మ చెప్పింది" అనేవాడు. వాళ్ల అమ్మమ్మది దక్షిణాన జార్జియా తీరంలో ఓ దీవి, ఓడల్లో పట్టి తెచ్చిన మనవాళ్లు వరి పండించిన చోటు. ఆవిడ బియ్యం చేటలో చెరుగుతుంటే చూస్తూ పెరిగాడు. నా ఆఫ్రికా ఆ చేటలో ఉంది, నీ ఆఫ్రికా రాజుల గోరీల్లో ఉంది, అనేవాడు బాబా అంఖుతో.

బాబా అంఖు మా సభలో పెద్దాయన. ఊళ్లో హైస్కూల్లో చరిత్ర చెప్పినవాడు. తెల్లటి పొడుగు అంగీ, నల్లటి చేతికర్ర, ఎనభై దాటినా నిటారుగా ఉంటాడు. మేమందరం ఎప్పుడో పాత పేర్లు వదిలేసి మనవాళ్ల పేర్లు పెట్టుకున్నాం. నేను మంగళవారం పుట్టాను కాబట్టి వెర్డెల్‌ని కాస్తా అబేనా అయ్యాను, పిల్లలకి అబేనమ్మని. వెండెల్ టాలివర్ అయిన ఈ బాబా నైలు నది దాకా వెళ్లి అంఖు అని తెచ్చుకున్నాడు. మా ఆయన మాత్రం ససేమిరా అన్నాడు. "మా అమ్మ నొప్పులు పడి కని పెట్టుకున్న పేరు, మధ్యలో మీరెవరు మార్చడానికి?" అని. బాబా అంఖుని కూడా ఆఖరి దాకా వెండెల్ అనే పిలిచాడు, అందరి ముందూ.

ఇద్దరికీ క్షణం పడేది కాదు. క్షణం విడిగా ఉండేవాళ్లూ కాదు.

"లెక్కలు, వైద్యం, తత్వం, అన్నీ మన నైలు ఒడ్డునే పుట్టాయి. గ్రీకులు వచ్చి మన దగ్గర కూర్చుని నేర్చుకున్నారు. ఆ పిరమిడ్లు చూడు, ఆ కొలతలు చూడు!" అని బాబా మొదలుపెట్టేవాడు.

"చూశాలే. ఆ బండలు మోసినవాళ్లకి అన్నం ఎవరు వండారో అది చెప్పు ముందు."

"చరిత్రని వంటింట్లోకి ఈడుస్తావేంట్రా!"

"ఈడ్చేదేముంది, అక్కడే ఉంది గదా. నువ్వే దాన్ని వాకిట్లోకి తెచ్చి కిరీటం పెట్టావు. మనమంతా రాజుల పిల్లలమే అయితే మరి ఆ రాజుల పల్లకీ మోసినవాళ్ల పిల్లలు ఎక్కడికి పోయారు వెండెల్? వాళ్లు మాత్రం మనవాళ్లు కారా?"

ఇలా మా వరండాలో కూర్చుని ముప్ఫై ఏళ్లు. నేను నిమ్మకాయ షర్బత్ తెచ్చి పెడితే ఇద్దరూ నా వైపు చూడకుండానే తాగేవాళ్లు. ఎవరు గెలిచారో నాకెప్పుడూ తెలిసేది కాదు. చాలాసార్లు బాబానే గెలిచేవాడనుకుంటాను, ఎందుకంటే ఆ రాత్రి ఎల్వుడ్ దుప్పటి కాళ్లతో తన్నుతూ, "వాడికి రేపు ఇలా చెప్తా చూడు" అని నా ప్రాణం తీసేవాడు.

సరే, సభ రోజు వచ్చింది. ఏడాది తిరిగిన తర్వాతి శనివారం. నేను పొద్దున్నే లేచి బొబ్బర్లన్నం చేశాను, ఆకుకూర పొగబెట్టిన మాంసం ముక్కలతో ఉడికించాను, చేపలు వేయించాను, మొక్కజొన్న రొట్టె, చిలగడదుంప తీపి, ఒకటేమిటి. ఆరోజు ఏ పొరపాటూ జరక్కూడదని ఎవరెవరికి ఏది ఇష్టమో అదంతా చేశాను. బాబా అంఖుకి చేప తోక దగ్గరి ముక్క ఇష్టం, అది పక్కన దాచాను కూడా. మూతలు పెట్టి, తలగుడ్డ కొత్తది కట్టుకుని, హాల్లో అందరితో పాటు కుర్చీలో కూర్చున్నాను.

ముందు ఇఫే లేచింది. సభలో అందరికంటే చిన్నది, చిన్న తరగతులకి పాఠం చెప్తుంది. ఒకప్పుడు ఎల్వుడ్ వ్యానులో ఊగుతూ వచ్చిన పిల్లే.

"ఎల్వుడ్ తాత నాకు ఒక్క జవాబు కూడా నేర్పలేదు. నేర్పినవి కూడా తర్వాత తప్పని తేలాయి," అంది. అందరూ నవ్వారు. "కానీ ఇప్పటికీ ఏ పుస్తకం తెరిచినా, ఇందులో వండినవాళ్లేరి, ఉతికినవాళ్లేరి అని వెతుకుతాను. నా క్లాసులో పిల్లలూ అదే అడుగుతున్నారు. మొన్నొకడు రాణిగారి బొమ్మ వేసి, పక్కన ఆవిడకి జడ వేస్తున్న మనిషిని రాణి కంటే పెద్దగా వేశాడు. అది ఆయన వదిలింది. నాకు సమ్మతం."

తర్వాత ఒక్కొక్కరే లేచారు. వ్యాను గురించి ఒకరు, బాయిలర్ గురించి ఒకరు, మంచు పడ్డ రోజున తమ ఇంటి మెట్లు ఊడ్చిపోయాడని ఒకరు. సమ్మతం, సమ్మతం, సమ్మతం. మకేడమ్మ కూడా, "నా పాఠాన్ని మధ్యలో ఆపి ప్రశ్న వేసిన మొట్టమొదటి డ్రైవరు. ఆఖరివాడు కూడా కావాలని దేవుడికి మొక్కుకున్నాను. నాకు సమ్మతం," అంది. నా గుండె తేలికైంది. లేచి పొయ్యి దగ్గరికి వెళ్దామా అన్నట్టు కుర్చీ అంచుకి జరిగాను కూడా.

ఆఖర్న బాబా అంఖు. లేవలేదు. చేతికర్ర మీద గడ్డం ఆనించి కూర్చున్నాడు.

"నాకు సమ్మతం కాదు," అన్నాడు.

మకేడమ్మ ఆయన వైపు తిరిగింది. "కారణం చెప్పాలి బాబా."

"మన పేరు పెట్టుకోలేదు. మన బట్ట కట్టలేదు. నైలు నాగరికత గురించి పిల్లల ముందు తేలిగ్గా మాట్లాడాడు."

"అవన్నీ తెలిసినవేగా బాబా. ఆయన్ని బడిలో పెట్టుకున్నప్పుడూ తెలుసు."

"తెలుసు. బడిలో ఉండటం వేరు, పూర్వీకుల్లో ఉండటం వేరు. నేను ఒప్పుకోను."

నా ఒళ్లు మండిపోయింది. అరికాలి మంట నెత్తికెక్కడమంటే ఏమిటో ఆ రోజు తెలిసింది. పెద్దాయన, మీరు, మన్నన, అన్నీ గాలికి పోయాయి.

"ఏం వెండెల్, బతికుండగా గెలవలేక చచ్చాక పగ తీర్చుకుంటున్నావా?" అని లేచాను. "ఆస్పత్రిలో ఉంటే రోజూ వచ్చి మంచం పక్కన కూర్చున్నావే! స్నేహితుడనుకున్నాను. నీళ్లు! చెంబెడు నీళ్లు అడిగాను ఆయన పేరున, నీ ఆస్తి అడిగానా? ఇన్నేళ్లు నా చేతి షర్బత్ తాగావు, నీకు సిగ్గన్నా లేదా?"

"అబేనా!" అంది మకేడమ్మ.

"ఎందుకు బాబా ఇలా?" అని ఇఫే అడిగింది, పాపం ఏడుపు గొంతుతో. ఆయన రబ్బరు మొక్క వైపు చూస్తూ కూర్చున్నాడు.

నేను విసురుగా వంటగదిలోకి వెళ్లి తలుపు ధడేల్మని వేశాను. వాసన కూడా వాళ్లకి దక్కకూడదని. చేపలు చల్లారిపోతున్నాయి, రొట్టె గట్టిపడుతోంది. హాల్లో గుసగుసలు, కుర్చీల కిర్రులు. సభ తేలేదాకా ఎవరూ ఇంటికి పోకూడదు, తేలేట్టు లేదు. ఆ ముసలాడు కాదంటే కాదే. మా ఆయన పేరు నాతో పాటు మట్టిలోకి పోవాల్సిందే. సింకు పట్టుకుని నిలబడ్డాను. ఏడుపు రాలేదు, వస్తే బాగుండేది.

తలుపు నెమ్మదిగా తెరుచుకుంది. బాబా అంఖు. చేతికర్ర గోడకి ఆనించి, కూరగాయల బుట్ట పక్కన స్టూలు మీద కూలబడ్డాడు. అంత మనిషీ ఆ స్టూలు మీద చిన్నగా అయిపోయాడు.

"తిట్టు," అన్నాడు. "ఇంకా తిట్టు. బాగుంది."

"మీకు పిచ్చా?"

"ఏడాదయింది చెల్లెమ్మా, నన్ను ఎవరూ కాదని. ఏం చెప్పినా అందరూ అవును బాబా, నిజం బాబా. మొన్న కావాలని ఒక తప్పు చెప్పాను మన బడి క్లాసులో. రాజు పేరు మార్చి చెప్పాను. రాసుకున్నారు! వాడుండి ఉంటే..." అంగీ అంచుతో ముక్కు తుడుచుకున్నాడు. "నాకు వాడు లేకపోతే ఏం తోచట్లేదు."

నాకు కోపం ఎటు పోవాలో తెలియక అక్కడే నిలబడిపోయింది. "తోచకపోతే మరి ఆయన పేరు పిలవడానికి అడ్డమెందుకు పడతారు?"

"పిలిస్తే ఏమవుతుందో ఆలోచించావా? వాడు పూర్వీకుడవుతాడు. పూర్వీకుల ముందు తల వంచాలి, ఆషే అనాలి, నోరు మూసుకోవాలి. వాళ్లని కాదనకూడదు, వాళ్లతో వాదించకూడదు. ఆ నియమం రాసింది నేనే, మకేడా కూడా కాదు. వాడి పేరు ఆ వరసలో చేరిన రోజున మా తగువు అయిపోయినట్టే. గెలుపు వాడిదే. ముప్ఫై ఏళ్ల తగువు, ఒక్క చెంబు నీళ్లతో సరి." చేతులు ఒళ్లో పెట్టుకున్నాడు. "ఆస్పత్రిలో ఆఖరి సాయంత్రం ఏమన్నాడో తెలుసా? ఆ బండలు మోసినవాళ్లని, వాళ్లకి వండినవాళ్లని ఎక్కడ పాతిపెట్టారు, రాజుల పక్కనా, ఎక్కడో దూరంగానా అని అడిగి నిద్రపోయాడు. నేను ఇంటికెళ్లి పుస్తకాలన్నీ తిరగేశాను. జవాబు దొరికింది. మర్నాడు పొద్దున్నే పరిగెత్తుకొచ్చాను. నర్సు దుప్పట్లు మడత పెడుతోంది."

ఆ పొద్దున ఆయన ఎందుకు అంత తొందరగా వచ్చాడో నాకు అప్పటిదాకా తెలీదు. కబురు తెలిసి వచ్చాడనుకున్నాను. నేను ఇంకో స్టూలు లాక్కుని ఎదురుగా కూర్చున్నాను.

"ఏమిటా జవాబు?"

"ఎందుకులే."

"చెప్పండి. ఏడాది మోశారుగా, దించండి."

నడుము నిటారు చేశాడు. క్లాసులో గొంతు వచ్చేసింది. "రొట్టెలు కాల్చినవాళ్లకి కూడా సమాధులున్నాయి, అక్కడే, పిరమిడ్ల పక్కనే కొండ వాలులో. పేర్లు చెక్కి మరీ. బానిసలైతే అలా పాతిపెడతారా? మన రాజులు వండినవాళ్లని కూడా తమ పక్కనే పెట్టుకున్నారు. అదీ మన నాగరికత!"

నేను ఎల్వుడ్‌తో నలభై ఏళ్లు ఒకే మంచం మీద పడుకున్నాను. ఆయన ఏమంటాడో ఆలోచించాల్సిన పని లేదు.

"పక్కనే అంటే ఎంత పక్కన?" అన్నాను.

"పక్కనే అంటే... దక్షిణం వైపు. మధ్యలో ఒక పెద్ద గోడ ఉంది."

"గోడెందుకు కట్టారు మరి?"

బాబా మొహం చింకి చేటంత అయింది.

"వాడు అచ్చం ఇదే అని ఉండేవాడు! గోడెందుకు... ఆ గోడ సంగతి వేరు, ఆ గోడ ఎందుకంటే..." అని స్టూలు మీద నుంచి లేచి వంటగదిలో అటూ ఇటూ తిరగడం మొదలుపెట్టాడు. ఎండిన మొక్కకి నీళ్లు తగిలినట్టే ఉంది మనిషిని చూస్తే. నాకు ఆయన మీద జాలేసింది, నా మీద నాకూ జాలేసింది. మేమిద్దరం ఒకే మనిషి కోసం ఏడాదిగా చెరో మూలా కూర్చుని కుమిలిపోతున్నాం. నేను ఆయన పేరు ఎక్కడైనా పదిలంగా దాచేద్దామని, ఈయనేమో దాచెయ్యకండర్రా అని.

"బాబా," అన్నాను, "పూర్వీకులతో వాదించకూడదని ఎవరు చెప్పారు మీకు?"

"చెప్పాగా, నేనే రాశాను."

"అయితే చెరిపెయ్యండి. రండి."

చెయ్యి పట్టుకుని హాల్లోకి లాక్కొచ్చాను. అందరూ ఆకలితో నీరసపడి ఉన్నారు, మమ్మల్ని చూసి నిటారుగా కూర్చున్నారు. చేతులు పట్టుకుని వస్తున్నామేమిటా అని విస్తుపోయారు. నేను సంగతంతా చెప్పాను. బాబా సిగ్గుపడుతూ నేల చూస్తున్నాడు. చెప్పడం అయ్యాక అడిగాను, "మకేడమ్మా, మీరు పుస్తకాలు చదివినవారు. అక్కడ ఆఫ్రికాలో మనవాళ్లు పోయినవాళ్లకి ఎప్పుడూ తల వంచడమేనా? ఎవరూ ఎదురు చెప్పలేదా?"

మకేడమ్మ కళ్లజోడు తీసి తుడుచుకుంది. ఆవిడకి ఆలోచన వస్తే చేసే పని అది.

"లేదే," అంది నెమ్మదిగా. "చాలా ఊళ్లలో వాన పడకపోతే, బిడ్డకి జబ్బు చేస్తే, పెద్దవాళ్లు గోరీల దగ్గరికెళ్లి గట్టిగా అడుగుతారు. మిమ్మల్ని మేం చూసుకోవట్లేదా, మీరేం చేస్తున్నారక్కడ అని. తిడతారు కూడా. ఇంట్లో పెద్దవాళ్లతో ఎలా ఉంటామో వాళ్లతోనూ అంతే. వాళ్లు పైకెక్కి కూర్చున్న దేవుళ్లు కారు, ఇంటిమనుషులు." ఆవిడ బాబా వైపు చూసింది. "మనమే బాబా, దూరంగా ఉండి, దూరమైపోయామని భయపడి, వాళ్లని మరీ అందనంత ఎత్తులో పెట్టేసుకున్నామేమో."

"ఆ మాట వాడే అనేవాడు," అని బాబా గొణిగాడు. "నేను ఒప్పుకునేవాణ్ణి కాదు."

"ఇప్పుడు ఒప్పుకుంటారా?"

"ఎలా ఒప్పుకుంటాను? ఒప్పుకుంటే వాడు గెలిచినట్టేగా!"

హాలంతా గొల్లుమంది. ఇఫే లేచి నిలబడింది, మళ్లీ చిన్నవాళ్ల నుంచి మొదలుపెట్టాలి కదా. "ఎల్వుడ్ తాత పేరు పిలుద్దాం. అందరం ఆషే అందాం. బాబా అంఖు మాత్రం తనకేం అనాలనిపిస్తే అది అనొచ్చు. నాకు సమ్మతం."

సమ్మతం, సమ్మతం అని కుర్చీల వెంట వచ్చేసింది మాట. నా దగ్గరికి వచ్చినప్పుడు నేనూ తల ఊపాను. ఆఖర్న అందరూ పెద్దాయన వైపు తిరిగారు. ఆయన చేతికర్ర రెండు చేతులతో పట్టుకుని లేచాడు. ఈ మనిషి మళ్లీ ఏం పేచీ పెడతాడో అనుకున్నాను.

"సమ్మతం," అన్నాడు.

మకేడమ్మ చెంబు నా చేతికిచ్చింది. నువ్వే పిలువు అంది. కుండీ దగ్గరికి వెళ్లాను. తొందరలో సగం నీళ్లు ఆకుల మీదా, కిటికీ గూట్లోనూ పడ్డాయి. ఇంట్లో రోజుకి ఎన్నిసార్లు పిలుస్తానో లెక్కలేదు, గోడలతో, కుర్చీతో, టీవీతో. ఇంతమంది ముందు పిలవడం ఇదే మొదలు.

"ఎల్వుడ్ గాఫ్నీ," అన్నాను.

"ఆషే!" అన్నారు అందరూ, కింది నేల అదిరేలా.

ఆ శబ్దం అణగకముందే చేతికర్ర నేలకేసి కొట్టిన చప్పుడు. "తప్పు! మొత్తం తప్పు!" అని అరిచాడు బాబా అంఖు. "ఆ గోడ వండినవాళ్లని దూరం పెట్టడానికి కట్టింది కాదు ఎల్వుడ్! వరద నీళ్లకి అడ్డం కట్టి ఉంటారు! నీకు తెలీకపోతే తెలీదని చెప్పాలి, ఊరికే అడ్డదిడ్డంగా మాట్లాడకూడదు! ఏం, ఇప్పుడు చెప్పు!"

చెప్పి ఆగాడు. వరండాలో ఆగినట్టే, తల ఒక పక్కకి వంచి, అవతలివాడి మాట వినడానికి. కళ్లు మొక్క మీద ఉన్నాయి. ఎవరూ నవ్వలేదు. అందరం ఆ మొక్క వైపే చూస్తున్నాం, ఆకుల మీంచి నీళ్లు కారుతున్నాయి. నాకు ఏడాదిగా రాని ఏడుపు అప్పుడొచ్చింది. వెక్కి వెక్కి ఏడుస్తున్నాను, ఏడుస్తూనే నవ్వొస్తోంది, ఎందుకంటే మా ఆయన అక్కడే ఉన్నాడు, కాళ్లు చాపుకుని, జవాబు వెతుక్కుంటూ. అలా చాలాసేపు వెతుక్కునేవాడు మహానుభావుడు.

"తొందరేంటి బాబా," అన్నాను ముక్కు తుడుచుకుంటూ. "ఆలోచించుకోనివ్వండి ఆయన్ని."

బాబా ఒక్క క్షణం నన్ను చూశాడు. తర్వాత మొక్క వైపు తిరిగి చేతికర్ర ఊపాడు.

"సరే. వచ్చే శనివారం దాకా టైమిస్తున్నా," అని చెప్పి కూర్చున్నాడు.